ముఖాలు లేని డాక్యుమెంటరీ

చిట్టా 1. సోమవారం. విచారణకు పన్నెండు రోజులు.

లైసెన్సున్న ప్రతి నిర్మాతా రోజూ చిట్టా రాయాలని నిబంధన. ముప్ఫై ఒక్కేళ్ళుగా రాస్తున్నాను, ఒక్కడు చదివిన పాపాన పోలేదు. ఈ పన్నెండు రోజులు మాత్రం చదువుతారని తెలుసు. అందుకే కోస్తాదర్శిని ఛానల్ డాక్యుమెంటరీ నిర్మాత గొర్లె హైమావతి అనే నేను, ఏ మొహమాటానికీ పోకుండా రాస్తున్నాను. చదువుకోండి బాబూ.

పొద్దున్న లేస్తూనే, పళ్ళు తోముకోకముందే చేయాల్సిన పని తీసివేతల జాబితా చూడటం. ఎవరైనా ముఖహక్కు కౌంటర్‌కి వెళ్ళి నన్ను తీసేయండి అని వేలిముద్ర వేస్తే చాలు. ఆ మనిషి ముఖాన్నీ గొంతునూ నా చేత్తో నేనే మధ్యాహ్నం లోపల తీసేయాలి. నేను మీట నొక్కగానే ప్రతి కాపీలోంచీ, ప్రతి ఇంటి గోడ మీది తెర నుంచీ ఒక్కసారే పోతుంది. మనిషి ఉన్నచోట బూడిద రంగు ఆకారం, మాట ఉన్నచోట నిశ్శబ్దం. తీశాక పదేళ్ళ దాకా తిరిగి పెట్టడానికి లేదు.

మామూలుగా వారానికి ఒకటో రెండో వస్తాయి. విడాకులు తీసుకున్నవాళ్ళు, పాత పెళ్ళి ఊరేగింపులో గంతులేసి ఇప్పుడు పెద్దమనుషులైనవాళ్ళు. ఈ రోజు మూడు పేర్లు వచ్చాయి. మూడూ 'మూసిన తలుపు'లోవే.

'మూసిన తలుపు' నేను తీసిన నలభై నాలుగో డాక్యుమెంటరీ. మూడేళ్ళ కిందట సముద్రపు గోడకు అవతల నాచు చేలల్లో పందొమ్మిది మంది కోతలో ఉండగా తుపాను గాలి లేచింది. రేవు మండలి గోడ తలుపులు దింపేసింది. పదకొండు మంది బయటే పోయారు. సైరన్ మోగించాం, వినిపించుకోకపోవడం వాళ్ళ నిర్లక్ష్యం అని మండలి అంటుంది. సైరన్ మోగనే లేదని బతికి వచ్చినవాళ్ళు, ఒడ్డున ఉన్నవాళ్ళు మొత్తం తొమ్మిది మంది నా కెమెరా ముందు చెప్పారు. నిర్లక్ష్యం అని విచారణలో తేలితే పోయినవాళ్ళ కుటుంబాలకు గోడకు లోపల ఉండే హక్కు పోతుంది. సముద్రం వైపు నెట్టేస్తారు. విచారణ అంటే ఒక్క రోజు, హాల్లో ఆ డాక్యుమెంటరీ వేసి చూడటం. అంతకు మించి సాక్ష్యం లేదు.

పదకొండున్నరకు ముగ్గురినీ తీసేశాను. చెయ్యి రాలేదు, అయినా తీశాను.

చిట్టా 2. మంగళవారం. పదకొండు రోజులు.

ఇంకో ఇద్దరు. తీసేసి, తిన్నగా కొత్తమేట వెళ్ళాను. గోడకు లోపల, స్తంభాల మీద చెక్క మేడలు కట్టుకుని నాచు కోసేవాళ్ళు ఉండే పేట అది. వెళ్తూ దారంతా వాళ్ళను కడిగిపారేయాలనే అనుకున్నాను. ముఖం తీయించుకున్న అయిదుగురిలో ఒకతైన నూకాలు మేడ ఎక్కాను. గుమ్మం పక్కన కొత్త కుళాయి. దాని కింద మనవరాలిని నిలబెట్టి నూకాలు వీపు రుద్దుతోంది. మూడేళ్ళ కిందట ఆమె పెద్దకూతురు గోడ బయట పోయింది. ఆ కూతురి బిడ్డే ఇది.

నన్ను చూసి తల తిప్పుకోలేదు. అది నచ్చింది నాకు.

"నువ్వే సెప్పినావు కదేటమ్మా, ఎప్పుడు వద్దనిపిత్తే అప్పుడు తీయించుకోవచ్చని" అంది. "గుంటకి ఒళ్ళంతా ఉప్పు కురుపులు. మంచినీళ్ళ కుళాయి ఇత్తాం, ముఖం తీయించుకో అన్నారు. ఏటి సెయ్యమంటావు?"

ఏం చెయ్యమంటాను? ఆ ముఖహక్కు చట్టం కోసం ధర్నా చేసినదాన్ని నేనే. నా మూడో డాక్యుమెంటరీలో ఒకామె చితి దగ్గర గుండెలు బాదుకుంటుంటే అడక్కుండా తీశాను. నాకు మెచ్చుకోళ్ళు వచ్చాయి. ఆమె ఏడుపును మాత్రం ఊళ్ళోవాళ్ళందరూ ముక్కలు చేసి నవ్వులాటకు వాడుకున్నారు. ఆమె నాలుగేళ్ళు గుమ్మం దాటలేదు. వెళ్ళి కాళ్ళు పట్టుకుంటే, "నీ ముఖం నీ దగ్గరే ఉందిగా, నీకేం తెలుస్తుంది" అంది. ఆ మాట పట్టుకునే పదేళ్ళు తిరిగాను, చట్టం వచ్చింది. ఇప్పుడు మండలి దాన్నే కుళాయికి బిగించి తిప్పుతోంది. నా కత్తితో నా పీకే కోస్తున్నారు, కోసేది పద్ధతిగా కోస్తున్నారు. నూకాలు మీద కోపం రాలేదు. ఆ పిల్ల వీపు చూశాక ఎవరికి వస్తుంది?

ఆవిడ ఇంకో మాట చెప్పింది. కుళాయి కాగితం మీద సంతకం పెట్టించుకున్న మండలి గుమాస్తా, ఇక నువ్వు ఆ సంగతి ఎక్కడా ఎత్తకూడదు అన్నాడట. వీళ్ళూ సరే అనుకున్నారు. ముఖం ఇచ్చేశాక నోరు కూడా ఇచ్చేసినట్టే కదా అని. నేనూ అంతే కాబోలనుకుని ఆ మాట పట్టించుకోలేదు.

చిట్టా 3. బుధవారం. పది రోజులు.

నీలాచలం ఇంటికి వెళ్ళాను. ఇది నాలుగోసారి. ఆ రోజు సైరన్ గదిలో డ్యూటీలో ఉన్నది అతనే. మండలి ఉద్యోగి, మండలి క్వార్టరు. డాక్యుమెంటరీ తీసేటప్పుడు మూడుసార్లు అడిగాను, మూడుసార్లూ తలుపు వేశాడు.

ఈసారి తలుపు వెయ్యలేదు. గుమ్మంలో నిలబడి నా భుజం మీదుగా రోడ్డు చూస్తూ మాట్లాడాడు. విచారణలో మండలి తరఫున సాక్షిగా తనను కూర్చోబెడుతున్నారని, సైరన్ మోగించాను అని రెండు ముక్కలు చెబితే చాలన్నారని అన్నాడు. మోగించావా అని అడిగాను.

"దానయ్య మాటలు ఉంటాయా అందులో?" అని మాత్రం అడిగాడు.

ఉంటాయన్నాను. దానయ్య ఆ రోజు అందరికన్నా దగ్గరగా, తలుపు దాకా వచ్చి ఆగిపోయినవాడు. ఎలాగో ఈది బతికాడు, పోయినేడాది జ్వరంతో పోయాడు. నీలాచలం తల ఊపి లోపలికి వెళ్ళిపోయాడు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టుంది అనుకున్నాను. అంతకంటే పెద్దదేదో మోస్తున్నాడేమో, తెలియదు.

చిట్టా 6. శనివారం. ఏడు రోజులు.

రెండు రోజులు రాయలేదు. నిబంధన తప్పాను, వేసుకోండి జరిమానా.

తొమ్మిదో పేరు ఈ రోజు వచ్చింది. దానయ్యది. చచ్చిపోయినవాడి ముఖం మీద హక్కు కూతురిది. ఆ అమ్మాయి మేడకూ కుళాయి వచ్చింది.

తీసేశాక ఒక్కదాన్నే కూర్చుని మొత్తం వేసి చూశాను. యాభై రెండు నిమిషాలు. సముద్రం ఉంది, గోడ ఉంది, నాచు తాళ్ళు ఉన్నాయి. మనుషులు లేరు. బూడిద ఆకారాలు చేతులు ఆడిస్తున్నాయి, చప్పుడు లేదు. అయితే చప్పుడు బొత్తిగా లేకపోలేదు. కాసేపటికోసారి ఒక ఆడగొంతు వినిపిస్తోంది. "ఊఁ." మళ్ళీ కాసేపు నిశ్శబ్దం. "ఊఁ."

అది నేనే.

మా వృత్తిలో ఇది నేరం కింద లెక్క. ఎదుటిమనిషి మాట్లాడుతుంటే మేం తలే ఊపాలి, నోరు మెదపకూడదు. కొత్తమేటలో అది కుదరదు. అక్కడ ఊఁ కొట్టకపోతే ఎవరూ కథ చెప్పరు. వాక్యం చెప్పి ఆగుతారు. నువ్వు ఊఁ అంటేనే ముందుకు. అనకపోతే, ఇనబుద్ధి కాపోతే ఎల్లిపో అంటారు. అందుకని యాభై రెండు నిమిషాలూ ఊఁ కొట్టాను. వాటిని ఏరేస్తానని మా సౌండ్ ఇంజినీరు సర్వలక్ష్మి నెల రోజులు పోరింది. తీయనివ్వలేదు. అవార్డు కమిటీ వాళ్ళు, నిర్మాతకు సంయమనం తక్కువ అని రాసి పక్కన పడేశారు.

సర్వలక్ష్మికే ఫోన్ చేశాను. ఆమె, నమోదు చెయ్యకపోవడంతో తీసివేతలు తగలని పాత కాపీ ఒకటి తన దగ్గర దాచి ఉందని, విచారణలో అది వేద్దామని అంది. మనసు ఎంత లాగిందో రాయలేను. వద్దన్నాను. కుళాయి కోసమైనా సరే, వద్దు అన్నది వాళ్ళు. నేను మాటిచ్చాను. అడక్కుండా ఒకసారి ఒకామె ఏడుపు చూపించాను, ఆ పాపం ఒక్కటి చాలు. ఆ కాపీ చెరిపేయమన్నాను. ఆమె ఏడ్చింది, చెరిపింది.

తర్వాత నిబంధనల పుస్తకం తీశాను. సగం ముఖాలు పోతే టీవీలో వెయ్యకూడదు. నిజమే. కానీ ఒక్క మనిషి గొంతయినా మిగిలి ఉంటే విచారణలో వెయ్యాల్సిందే. ఒక్క మనిషి అన్నారు, సాక్షి అనలేదు. మిగిలి ఉంది కదా నా గొంతు!

చిట్టా 8. సోమవారం. అయిదు రోజులు.

నాకు తట్టింది మండలికి తట్టదా? మా ఛానల్ అధిపతి విశ్వంభర్‌ను పంపించారు. ఒకప్పుడు నా దగ్గర పని నేర్చుకున్నవాడు. ఇప్పటికీ మేడం అంటాడు, ఆ మర్యాద పోలేదు. చావు కబురు చల్లగా చెప్పడంలో మాత్రం దిట్ట అయ్యాడు. టీ తాగి, మా మొక్కల గురించి అడిగి, చివర్లో చెప్పాడు.

నా గొంతు నేను తీయించుకోవాలట. వేలిముద్ర ఒక్కటి. అప్పుడు డాక్యుమెంటరీలో మనిషి అనేది ఉండదు, వెయ్యడానికీ ఉండదు. నా లైసెన్సు యావజ్జీవం చేస్తారు. లేదంటే ఈ శనివారంతో గడువు తీరుతుంది, పొడిగించరు. లైసెన్సున్న యజమాని లేని డాక్యుమెంటరీలు అనాథలు. విచారణ దస్త్రంలో చేరిన ఇది తప్ప మిగతా నలభై మూడూ భాండాగారంలోంచీ నా అలమరలోంచీ ఒక్కసారే పోతాయి.

"మీ జీవితం మొత్తం మేడం" అన్నాడు. "ఎవరికీ అర్థంకాని నాలుగు ఊఁల కోసం పోగొట్టుకుంటారా?"

"నాలుగు కాదు, నూట ఎనభై ఆరు. లెక్కపెట్టాను" అన్నాను. "విశ్వం, ముప్ఫై ఒక్కేళ్ళు ఎదుటివాళ్ళ గొంతు తీసుకుని బతికాను. మొదటిసారి నా గొంతు ఎవరో అడుగుతున్నారు. ఇవ్వను. పోయి చెప్పు."

అతను వెళ్ళాక అలమర ముందు నిలబడ్డాను. చేనేత మగ్గాల మీద తీసింది, లారీ డ్రైవర్ల భార్యల మీద తీసింది, మా అమ్మ చివరి ఏడాది తీసింది. అమ్మ నవ్వు ఇంకెక్కడా లేదు, అందులోనే ఉంది. ఏడుపు వచ్చింది. వచ్చిందనే రాస్తున్నాను. ఏడ్చాను, మొహం తుడుచుకున్నాను, అయినా ఇవ్వను.

చిట్టా 9. మంగళవారం. నాలుగు రోజులు.

కొత్తమేట వెళ్ళాను. విచారణలో ఏం జరగబోతోందో వాళ్ళకు చెప్పడం నా ధర్మం. నాచు ఆరబెట్టే షెడ్డులో, మధ్యాహ్నం కోత దిగి వచ్చాక అందరినీ కూర్చోబెట్టి చిన్న తెర మీద వేశాను. ఇదిగో, ఇంతే మిగిలింది, ఇదే వేస్తాను అన్నాను.

మొదట ఎవరి ఆకారం ఏదో పోల్చుకుంటూ నవ్వుకున్నారు. తర్వాత గురువులు ఆకారం వచ్చింది. పడవ నడిపే మనిషి, భారీ భుజాలు, దాచినా దాగవు. ఆకారం చెయ్యెత్తింది. నిశ్శబ్దం. "ఊఁ" అంది నా గొంతు. మళ్ళీ నిశ్శబ్దం.

ఆ నిశ్శబ్దం గురువులు తట్టుకోలేకపోయాడు. ఎవరూ అడగలేదు, కూర్చున్నవాడు కూర్చున్నట్టే మొదలుపెట్టాడు.

"గాలి లేసినాది. నాను పడవ తిప్పినాను."

"ఊఁ" అంది తెర.

"సైరన్ మోగుద్దని సెవులు రిక్కించినాను. మోగనేదు."

"ఊఁ."

మూడేళ్ళ కిందటి మాట ఒక్కటి తప్పిపోలేదు. ఊఁ ఎక్కడ పడుతుందో అక్కడ వాక్యం సరిగ్గా వచ్చి ఆగుతోంది. గురువులు అయ్యాక నూకాలు అందుకుంది.

నా బుర్రకు అప్పుడు వెలిగింది. కెమెరా లేకుండా కూడా మనిషి మాట్లాడగలడన్న సంగతి ముప్ఫై ఒక్కేళ్ళు కెమెరా పట్టుకున్నదానికి తట్టనే లేదు! కుళాయి కాగితం తెమ్మని గట్టిగా చదివాను. చిత్రంలో కనిపించే ముఖం, చిత్రంలో వినిపించే గొంతు. అంతే ఉంది. నోటి ఊసు లేదు. గుమాస్తా చెప్పింది వట్టి బెదిరింపు.

కానీ అబద్ధం చెప్పలేదు నేను. కాగితంలో లేకపోయినా కోపం కొద్దీ కుళాయిలు పీకేయొచ్చు, నేను ఆపలేను అని చెప్పాను. విచారణకు రమ్మని అడగలేదు. నేను తెర చుడుతుంటే వెనకాల వాళ్ళలో వాళ్ళే గట్టిగా వాదించుకుంటున్నారు.

చిట్టా 13. శనివారం. విచారణ.

తొమ్మిది గంటలకే హాలు నిండింది. విచారణాధికారి నెరిసిన జుట్టు ఆవిడ, మితభాషి. ముందు వరసలో మండలి లాయరు, అతని పక్కన ఇస్త్రీ చొక్కాలో నీలాచలం. కొత్తమేట వాళ్ళు వెనక వరుసల్లో. ఎనిమిది మందీ వచ్చారు. దానయ్య కూతురు కూడా వచ్చింది.

డాక్యుమెంటరీ మొదలైంది. లాయరు నవ్వు దాచుకోలేదు. మొదటి ఆకారం గురువులుది. మొదటి ఊఁ పడగానే అతను లేచి నిలబడి తన మాట చెప్పాడు. లాయరు ఎగిరి లేచాడు. వీళ్ళు ముఖహక్కు వాడుకుని తప్పుకున్నారని, ప్రతిఫలం తీసుకున్నారని, మాట్లాడటానికి వీల్లేదని అన్నాడు. అధికారి కాగితం తెప్పించుకుని రెండుసార్లు చదివింది.

"ఇందులో నోరు మూసుకోవాలని ఎక్కడుందో చూపించండి" అంది. చూపించలేకపోయాడు. కుళాయిల మాట ఎత్తాడు.

నూకాలు లేచింది. "పీక్కెల్లండి బావూ. ముఖం ఇచ్చినాను. నోరు ఇయ్యనేదు."

తర్వాత ఎవరూ ఆపలేదు. ఒకరి వెంట ఒకరు లేచారు. తెర మీద ఆకారం, హాల్లో మనిషి, మధ్యలో నా ఊఁ. ఎనిమిది మంది అయ్యారు.

తొమ్మిదోది దానయ్య ఆకారం. నాలుగు నిమిషాలు. బూడిద చెయ్యి పైకి లేచి గాల్లో దేన్నో బాదుతోంది. చెప్పేవాడు లేడు. ఊఁ అంటోంది నా గొంతు, ఏమీ లేనిదానికి. దానయ్య కూతురు పైట కొంగు నోట్లో కుక్కుకుంది. రెండో ఊఁ. మూడో ఊఁ. ఈ నాలుగు నిమిషాలు ఎప్పుడు అయిపోతాయా అని నేనే కళ్ళు మూసుకున్నాను.

ముందు వరసలో కుర్చీ కిర్రుమంది.

"తెడ్డెట్టి తలుపు మీద బాదినాడు" అన్నాడు నీలాచలం. నిలబడ్డాడు. లాయరు చొక్కా పట్టి లాగుతున్నాడు, అతనికి తెలుస్తున్నట్టు లేదు. "నాను ఇవతల సైరన్ గదిలో ఉన్నాను. ఇన్నాను."

"ఊఁ" అంది తెర.

"మీట నా సేతి కిందే ఉంది. సైరన్ మోగితే పందొమ్మిది మందీ ఒక్కసారే వత్తారు, తలుపు దిగదు, మోగించొద్దు అన్నారు పైనుంచి."

"ఊఁ."

"మోగించనేదు. ఆడు అలాగ బాదుతానే ఉన్నాడు."

అక్కడితో దానయ్య నాలుగు నిమిషాలు అయిపోయాయి. తెర నల్లబడింది. నీలాచలం ఇంకా నిలబడే ఉన్నాడు, ఇంకా చెప్పాల్సింది ఉంది అతనికి, ఊఁ కోసం తెర వంకే చూస్తున్నాడు. డాక్యుమెంటరీలో ఊఁలు అయిపోయాయి. హాలంతా చూస్తోంది.

విచారణలో నిర్మాత మాట్లాడకూడదని నిబంధన. లేచి నిలబడి, అతని ముఖం చూస్తూ, "ఊఁ" అన్నాను. అతను మిగతాది చెప్పాడు.

చిట్టా 14. ఆదివారం.

ఎవరు ఫోన్ చేశారో, ఎన్ని గంటలకో, ఏ పేరుతోనో నీలాచలం అన్నీ చెప్పాడు. నిర్లక్ష్యం అన్న మాట కొట్టేసి సైరన్ గది రికార్డులు సీలు చేయమని అధికారి ఉత్తర్వు రాసింది. విచారణ ఇక మండలి మీద. కొత్తమేట వాళ్ళు గోడకు లోపలే ఉంటారు.

పొద్దున్నే మండలి మనుషులు వచ్చి కుళాయిలు విప్పుకుపోయారట. నూకాలు వాళ్ళకు పానా అందించి, మర జాగ్రత్త, కొత్తది అని చెప్పిందట. నీలాచలం క్వార్టరు ఖాళీ చేసి గురువులు మేడ మీద చాప వేసుకున్నాడు. ఎవరూ అతనితో సరిగ్గా మాట్లాడటం లేదు. అన్నం మాత్రం పెడుతున్నారు.

మధ్యాహ్నం పన్నెండుకు నా నలభై మూడూ పోయాయి. అమ్మ కూడా పోయింది. ఆ సమయానికి అలమర వైపు తిరగకుండా అన్నం వండుకున్నాను, సగం మాడ్చాను. ఒంటిగంటకు విశ్వంభర్ సంతకంతో లైసెన్సు రద్దు కాగితం వచ్చింది. ఇకమీదట నేను నిర్మాతను కాదు, చిట్టా రాసే హక్కు కూడా లేదు అని అందులో ఉంది.

మంచి దళసరి కాగితం. వెనకవైపు ఖాళీగా ఉంది. దాని మీదే రాస్తున్నాను ఇది.